కిటికీ పక్క బిడ్డ

పొద్దెక్కినాక హులిగెమ్మ బొంతను ఎండకు వేసింది. ఎమ్మిగనూరు మగ్గాల ఇళ్లలో మిగిలిన గుడ్డముక్కలతో రెండేళ్లుగా కుడుతున్న బొంత అది. గడికొక బొమ్మ: ఎర్రావు, పలక, ఉయ్యాల, బస్సు. గుడ్డలో ఇమడని సంగతులు నోటుబుక్కులో రాసుకునేది. రెండేళ్ల కిందట చనిపోయిన కూతురు దేవక్క చదివిన ఒకటో తరగతి పుస్తకాన్ని ముందు పెట్టుకుని, అక్షరాలను మొదట దారంతో కుట్టి, తర్వాత పలక మీద దిద్ది నేర్చుకుంది. తెలియనివి మొగుడు భీమన్నను అడిగేది.

అత్త ఉచ్చీరమ్మ బొంత దగ్గరికొచ్చి ఆగిపోయింది. పచ్చగుడ్డ ముక్కను వేలితో తడిమింది.

"ఏమే, ఇది పాప లంగా గాదా? సాకలికి ఇచ్చినానంటివే!"

"అబద్ధం సెప్పినా అత్తా."

"పోయినోళ్ల గుడ్డ ఇంట్లో పెట్టుకుంటారా యాడన్నా? రేపే మంత్రాలయం పోయి బొంతనంతా ఏట్లో ఇడిసి రా."

అరుగు మీద కూర్చున్న భీమన్న తలెత్తలేదు. "అమ్మ సెప్పినట్ల ఇను."

"ఇది కుడతాండబట్టే ఇంత అన్నం తింటాండాను," అంది హులిగెమ్మ నెమ్మదిగా. "ఏట్లో ఏస్తే నాకేం మిగులుతాది? ఒక్కసారి ఇనండి. ఇన్నాక మీ ఇష్టం."

నోటుబుక్కు తెచ్చి, గడి గడికీ రాసుకున్నది కూడబలుక్కుంటూ చదివింది. ఎర్రావు దగ్గర ఉచ్చీరమ్మ ముక్కు చీదింది. బస్సు గడి వచ్చింది.

"పాపకు వాంతులు పట్టుకుంటే, ఒళ్లో పెట్టుకుని ఆదోని ఆసుపత్రికి పోయినాను..."

"నువ్వు యాడుంటివే?" ఉచ్చీరమ్మ గొంతు లేచింది. "మాధవరం దిక్కు పత్తి ఏరను పోయింటివి. ఎత్తుకుపోయింది నేను!"

"తెలుసు. నేను ఆడ లేననే, నన్ను ఆడ కూసోబెట్టుకున్నా. నువ్వేమో రెండేండ్లుగా నోరిప్పవు. నా బిడ్డ ఆకరుకు ఏమన్నిందో నాకు తెలీదు."

ఉచ్చీరమ్మ గోడకానుకుని కూలబడింది.

"బస్సు పోతాంటే పత్తిచేను కనపడె. ఎవరో ఆడమనిసి వంగి ఏరతాండె. 'అవ్వా, అద్దో మా యమ్మ' అనె. కాదని సెప్పలేకపోతి. 'ఔ, మీ యమ్మే' అంటి. రెండు సేతులూ ఊపింది. ఆయమ్మ తలెత్తి, తానూ సెయ్యి ఊపింది. మళ్ల పాప మాట్లాడలేదు." పైట మూతికి అడ్డం పెట్టుకుంది. "అబద్ధం సెప్పి సాగనంపితినే. నీకేం మొగం పెట్టుకుని సెప్పేది?"

హులిగెమ్మ నోటుబుక్కు మూసింది.

"నేనే అనుకునిందా అత్తా?"

"నువ్వేననుకునింది. నవ్వింది గూడా."

రెండేళ్లుగా రాని ఏడుపు హులిగెమ్మకు అప్పుడొచ్చింది. అత్త ఆమె తలను ఒళ్లోకి తీసుకుంది. భీమన్న ముఖం తిప్పుకుని, లోపలికి పోయి చెంబుతో నీళ్లు తెచ్చి ఇద్దరి ముందూ పెట్టాడు. మంత్రాలయం మాట మళ్లీ ఎవరూ ఎత్తలేదు.

ఏడుపు తీరినాక హులిగెమ్మ బొంతను ఒళ్లోకి లాక్కుని, బస్సులో తన బొమ్మ కుట్టు విప్పసాగింది.

"ఆ పొద్దు నువ్వే రంగు సీర కట్టుకునింటివి?"

ఉచ్చీరమ్మ లేచింది. దండెం మీది పాత నీలం చీర తీసి, అంచు పక్కన జానెడు చించి కోడలి చేతిలో పెట్టింది. బొంత మీదికి వంగి చూసింది.

"పాపను ఇట్ల నడుమ కుట్టొద్దు. కిటికీ తట్టు జరుపు. గాలి తగలాలని ఆడ్నే కూసునింది."