తలుపు వెనక స్విచ్

భార్య కనిపించడం లేదని భర్త ఫిర్యాదు చేసిన మర్నాడే ఆమె దొరికింది. మహిళా హాస్టల్లో, కాళ్లకు చెప్పులైనా లేకుండా, కట్టుబట్టలతో.

నెల తిరగకముందే భరణం కోరుతూ ఫ్యామిలీ కోర్టుకెక్కింది.

భర్త వాదన ఒకటే. తాను పొమ్మనలేదు. ఆమె గది ఆమెకే ఉన్నది. వస్తే పువ్వుల్లో పెట్టి చూసుకుంటాడు.

తగిన కారణం లేకుండా వేరుగా ఉన్న భార్యకు భరణం రాదు. కారణం ఉన్నదని ఆమె అన్నది. వెనక గదిలో పెట్టి బయట గడియ వేసేవాడు. ఒక ఉదయం తలుపు లాగితే తెరుచుకున్నది. పరుగెత్తింది.

రుజువు లేదు. తిరిగి వెళితే గడియ. వెళ్లకపోతే పస్తు. ఈ నెలాఖరు దాకానే ఉంచుకోగలనని హాస్టల్ వార్డెన్ చెప్పేసింది.

నిజం తేల్చమని జడ్జి మహిళా ఇన్‌స్పెక్టర్‌ను పంపారు.

ఉదయం పదింటికి ఇన్‌స్పెక్టర్ ఆ ఇంటికి చేరారు. వీధి తలుపు తీసింది అత్తగారు. కొడుకు ముఖం చూసి గానీ ఊపిరైనా తీయని మనిషి. మంచినీళ్లిచ్చి గోడవారకు తప్పుకున్నది.

వెనక గది ఇరుకు నడవా చివర ఉన్నది. తలుపుకు కొత్త రంగు. బయటి వైపు గడియ లేదు, మేకు రంధ్రమైనా లేదు. గడియ లోపలి వైపు ఉన్నది.

"చూశారుగా మేడమ్," అన్నాడు భర్త. "గడియ పెట్టుకుని కూర్చునేది ఆవిడే. బయట నిలబడి బతిమాలుకునేది మేము."

గదికి కిటికీ లేదు. ఇన్‌స్పెక్టర్ అడుగుపెట్టి, అలవాటు కొద్దీ గుమ్మం పక్కన చేత్తో తడిమారు. ఉత్త గోడ. తెరిచిన తలుపును కొంత మూసి వెతికితే, దాని వెనక దొరికింది స్విచ్.

"ఇక్కడెందుకు పెట్టించారు?"

"కట్టినవాడి తెలివి మేడమ్. నన్నేం చేయమంటారు?"

"మిగతా గదులు కట్టింది?"

"వాడే."

మిగతా గదుల్లో స్విచ్‌లన్నీ గుమ్మం దాటగానే చేతికందే చోట ఉన్నాయి.

ఇన్‌స్పెక్టర్ నడవాలోకి తిరిగి వచ్చి, తలుపు మీద టార్చ్ ఏటవాలుగా వేశారు. నడుము ఎత్తున అరచేయంత మరక. కొత్త రంగు దాని మీద పట్టక పొరలుగా లేచింది. నాలుగు వేళ్ల కింద ఇంకొకటి, చెక్కలోకి నల్లగా ఇంకిపోయిన పాతది.

వంటింటి చేతుల జిడ్డని భర్త అన్నాడు. అత్తగారిని అడిగితే కొడుకు ముఖం చూసి, ఖాళీ గ్లాసు తీసుకుని వంటింట్లోకి వెళ్లింది. ఇన్‌స్పెక్టర్ వాదించలేదు. జడ్జి అనుమతి తెప్పించి, తలుపు ఊడదీయించి, జీపు మీద కట్టించారు.

విచారణ నాడు ఆ తలుపు కోర్టు హాల్లో గోడకు ఆనించి ఉన్నది. కోర్టు తలుపు తట్టేవాళ్లనే చూశాను గానీ తలుపే కోర్టుకు రావడం చూడలేదని బెంచ్ క్లర్క్ పక్కవాడితో గొణిగి, జడ్జి చూపు పడగానే ఫైళ్లు సర్దుకున్నాడు.

ఇన్‌స్పెక్టర్ స్విచ్‌తో మొదలుపెట్టారు. వచ్చేవారికి అందాలని స్విచ్‌ను తలుపు తెరుచుకునే వైపు పెడతారు. ఈ గదిలోనూ అలాగే పెట్టారు. తరువాత మారింది స్విచ్ కాదు, తలుపు. పాత బందుల గాట్లు ద్వారబంధానికి రెండో వైపు లప్పం కింద దొరికాయి. బయటి గడియ ఊడదీస్తే గుర్తులు మిగులుతాయి. తలుపునే తిప్పి బిగిస్తే ఆ గడియే లోపలి గడియ అవుతుంది.

"గడియ లోపలికి తిరిగితే, లోపలిది బయటికి తిరుగుతుందని వీరు మరిచారు," అన్నారు ఇన్‌స్పెక్టర్. "ఇది తలనూనె మరక. నేల మీద కూర్చుని, మూసిన తలుపుకు వీపు ఆనించి, ఎవరు తెరుస్తారా అని ఎదురుచూసిన మనిషి తల ఆనిన చోటు."

జడ్జి చెప్పగా భార్య వచ్చి తలుపు ముందు కూర్చున్నది. పై మరకకు ఆమె తల సరిగ్గా ఆనింది.

భర్త లాయర్ లేచాడు. "మరకలు రెండున్నాయి. ఆవిడకు తలలు రెండు లేవు కదండీ?"

"లేవు," అన్నారు ఇన్‌స్పెక్టర్. సాక్షుల బెంచీ వైపు చూశారు.

అత్తగారు లేచింది.

"అమ్మా, కూర్చో," అన్నాడు కొడుకు.

కూర్చున్నది. బెంచీ మీద కాదు. కోడలు జరిగి చోటిస్తే, నేల మీద చతికిలబడి తలుపుకు వీపు ఆనించింది. ఆమె తల కింది మరకను కప్పేసింది.

"నాకు మీ నాన్న వేసేవాడురా గడియ," అన్నది. "దానికి నువ్వు వేస్తుంటే చూస్తూ ఊరుకున్నాను. ఆ రోజు తీసింది నేనే."

మధ్యాహ్నానికి ఉత్తర్వు వచ్చింది. వేరుగా ఉండటానికి తగిన కారణం ఉన్నది. దరఖాస్తు పెట్టిన నాటి నుంచి భరణం చెల్లించాలి.

హాలు ఖాళీ అయింది. కొడుకు తల్లి వైపు చూడకుండా వెళ్లిపోయాడు. అత్తగారు మాత్రం తలుపును వదలలేదు. ఏ ఇంటికని లేస్తుంది?

కోడలు చేయి అందించింది.

"లేవండి అత్తయ్యా. హాస్టల్లో నా గది ఇరుకే. గడియ మాత్రం లోపల ఉంది."