చెప్పుల లెక్క

శుక్రవారం పొద్దున్న ఏడింటికి ఖతర్‌లోని నజ్మా పేటలో మలబారీ హోటలు ముందు కంపెనీ మినీ బస్సు ఆగి ఉంది. డ్రైవరు కమాలుద్దీన్ పరోటాల పొట్లాలు సీటు కింద సర్దుతున్నాడు. పన్నెండు మంది లేబరు క్యాంపు మనుషులు తలకి నూనె రాసి, ఇస్త్రీ చొక్కాలు తొడిగి, మగపెళ్ళివారిలా కూర్చున్నారు. సైలస్ బస్సు మెట్టు మీద నిలబడి మెడలో విజిల్ సవరించుకున్నాడు.

సైలస్ ఆ కంపెనీలో టైమ్ కీపరు, నరసాపురం వైపు మనిషి. గైడు ఉద్యోగం మాత్రం తనకి తనే ఇచ్చుకున్నాడు. ఒకసారి పంటి డాక్టరు దగ్గర కూర్చుని పాత పత్రిక తిరగేస్తుంటే, మెక్సికోలో మాయా అనే పూర్వీకుల కోటలు చూపించి, ఆ పక్కనే నేలబావిలో ఈత కొట్టిస్తారని చదివాడు. ఆ పూర్వీకులు దేవుడికి కోపం వస్తే మనుషుల్ని ఆ బావిలోకి తోసేవారట. పన్ను పీకించుకుని బయటికి వచ్చేసరికి ఆలోచన మొలిచింది. "ఖతర్‌లో పాడుబడ్డ ఊరుంది, నేలబావి ఉంది, నా దగ్గర నోరుంది. ఇంకేం తక్కువ?"

చరిత్ర ఒక్కటే తక్కువ. ఉత్తరాన సముద్రం ఒడ్డున కూలిన ఆ ఊరు ఎవరిదో అతనికి తెలీదు, ఎవర్నీ అడగనూ లేదు. ఒక వారం అక్కడ పోర్చుగీసు రాజు ఉండేవాడు. మరో వారం ఆ రాజుకి ఇద్దరు పెళ్ళాలు. "గైడుకి కావలసింది బుర్ర కాదండీ, గొంతు. దేవుడు నా జుట్టంతా పీకేసి, పోనీలే పాపమని గొంతు పెద్దదిచ్చాడు" అనేవాడు బట్టతల తడుముకుంటూ.

అయితే పోయినేడాది నవంబరు నుంచి ట్రిప్పులు ఆపేశాడు. నడుం నొప్పన్నాడు. ఇవాళ మళ్ళీ విజిల్ వేసుకోవడానికి కారణాలు రెండు. ఒకటి, ఐదేళ్ళు కాళ్ళరిగేలా తిరిగితే వీసా వచ్చి, మూడు వారాల కిందట దిగిన భార్య సుసన్న. రెండోది, ఆ బావి చూపించమని వారం నుంచి వెంటపడి, ఇప్పుడు వెనక సీట్లో కిటికీ పక్కన కూర్చున్న సాయిబాబు.

"సెలవు పూట ప్రార్థన ఎగ్గొట్టి రాళ్ళు చూడ్డానికెళ్తున్నాం. పాస్టరుగారడిగితే ఏం చెప్తారో మరి!" అంది సుసన్న.

"ఆ రాళ్ళ మధ్య మోకరిద్దాంలేవే. యాకోబు రాయి మీదే కదా పడుకున్నాడు."

బస్సు ఊరు దాటాక సాయిబాబు ముందుకు వచ్చి నిలబడ్డాడు. ఇరవై రెండేళ్ళవాడు. కామారెడ్డి వైపు ఊరు. ఇదే కంపెనీలో పని చేసిన నర్సింలుకి బావమరిది.

"సారూ, మా బావ గూడ గీ బస్సులనే పోయిండట గదా?"

"అవునయ్యా. పోయినేడాది."

"మల్ల తిరిగచ్చిండా?"

"రాకేం! నజ్మాలో దిగాడు. చేతిలో సంచి, అటు తిరిగి వెళ్ళిపోయాడు. నేను చూశాను."

"ఊళ్ళె ఏమంటుండ్రంటే సారూ, దుబాయ్‌ల ఇంకోదాన్ని పెట్టుకున్నడు, అందుకే జాబు రాస్తలేడు అని. మా అక్క గంగామణి బొట్టు పెట్టుకుంటే నవ్వుతుండ్రు. తీసేద్దామంటే మనిషి సచ్చిండని తెల్వదాయె. పుస్తెలు ఉంచాల్నా, తియ్యాల్నా... గా ఒక్క ముచ్చట తెలుసుకుందామనే నేను గీ దేశం అచ్చిన."

సైలస్ కిటికీలోంచి ఇసుక వైపు చూశాడు. ఇసుకలో చూడ్డానికేమీ లేదు.

జరిగిందేమిటంటే... నేలబావిలోకి దిగేముందు అందరూ అంచున చెప్పులు విడుస్తారు. లోపల రాళ్ళు జారతాయి. తిరిగి బయల్దేరేటప్పుడు సైలస్ తలలు లెక్కపెట్టేవాడు కాదు. తలలు కదుల్తాయి, చెప్పులు కదలవు. అంచున ఒక్క జతా మిగల్లేదంటే అందరూ పైకొచ్చినట్టే. ఈ ఉపాయానికి తనని తనే భుజం తట్టుకునేవాడు. ఆ శుక్రవారం కూడా ఒక్క జత మిగల్లేదు. విజిల్ ఊదాడు. ఎండా, ఈతా, పరోటాలూ కలిసి బస్సంతా గురక పెట్టింది.

కానీ నర్సింలు, నీళ్ళంటే గంగమ్మ తల్లే, ఆమె దగ్గరికి చెప్పులేసుకుని పోకూడదని, తన జత బస్సులోనే విడిచి, కాలే ఇసుకలో వట్టి కాళ్ళతో నడిచి వెళ్ళాడు.

క్యాంపుకి చేరి బస్సు ఖాళీ అయ్యాక సీటు కింద ఆ చెప్పులు సైలస్ కంటపడ్డాయి. వెనక్కి వెళ్ళొచ్చు. గంటన్నర దారి. వెళ్తే ఎందుకెళ్ళావంటారు. ఉద్యోగం, జైలు, సుసన్న వీసా... చెప్పులు చెత్త డ్రమ్ములో వేశాడు. శనివారం హాజరు పట్టీలో నర్సింలు పేరెదురుగా 'పరారీ' అని రాశాడు. అప్పటికి ఆ మనిషి బతికే ఉన్నాడేమో అన్న అనుమానం వచ్చినప్పుడల్లా రేడియో గట్టిగా పెట్టుకునేవాడు.

పాడుబడ్డ ఊళ్ళో సైలస్ రాజుగారి పెళ్ళాల కథ చెప్పాడు. జనం నవ్వారు. కూలిన మసీదు స్తంభం నీడలో పరోటాలు తిన్నారు. పన్నెండున్నరకి నేలబావి దగ్గరికి చేరారు.

చదునైన ఎడారిలో, ఎవరో వేలితో పొడిచినట్టు, గుండ్రటి రంధ్రం. దగ్గరికి వెళ్ళేదాకా కనిపించదు. వెనకెప్పుడో మేకలు కాసేవాళ్ళ మూడేళ్ళ పిల్ల అలాగే పడిపోయి మళ్ళీ దొరకలేదని కమాలుద్దీన్ అనేవాడు. లోపల నలభై అడుగుల కింద నీళ్ళు, ఆ నీళ్ళ వెనక ఇంకా లోపలికి సొరంగం. పైనంతా కళ్ళు మండే ఎండ. అంచున నిలబడితే మాత్రం మొహానికి చల్లటి గాలి తగుల్తుంది. తడి సున్నం వాసన, పావురాల రెట్టల వాసన, వాటి కింద మరొకటి... మూసిన పెట్టెలో కుళ్ళిన బట్ట వాసన.

కుర్రాళ్ళు వంగి ఎవరి పేరు వాళ్ళు అరిచారు. బావి ప్రతి పేరునీ తిరిగిచ్చింది. సాయిబాబు "బావా!" అని అరిచాడు. "బావా... వా..." అని చాలాసేపు తిరిగింది.

అతను సైలస్ వైపు తిరిగాడు. "సారూ, గీ గంగమ్మ మీద ఒట్టేసి చెప్పుండ్రి. నజ్మాల దిగంగ మీరు సూసిండ్రా?"

అందరూ చూస్తున్నారు. సుసన్న కూడా. సైలస్ గొంతు పెంచాడు. "చూశానయ్యా బాబూ, చూశాను!"

బావి ఆ మాట తిరిగివ్వలేదు.

సైలస్ చెవిలో వేలు పెట్టి తిప్పుకున్నాడు. ఇంకెవరూ గమనించలేదు. వాళ్ళు అప్పటికే దిగుతున్నారు.

మూడింటికి అందరూ పైకొచ్చారు. ఈసారి సైలస్ చెప్పుల వైపు చూడలేదు. ఒక్కొక్కడి భుజం తాకి లెక్కపెట్టాడు. పన్నెండు. సుసన్న ఏదీ?

"ఏవండీ..."

కిందనుంచి.

"ఏవండీ... కాలు జారిందండీ..."

సైలస్ బొజ్జ ఊపుకుంటూ, రాళ్ళు పట్టుకుంటూ, దేవుణ్ణీ తన బరువునీ సమానంగా తిట్టుకుంటూ దిగాడు. సగం దూరంలో ఎండ ఆగిపోయింది. అక్కణ్ణించి కింద అంతా పచ్చటి చీకటి. చెమట చల్లబడింది. నీళ్ళ ఒడ్డున ఒక రాతి గట్టు. గట్టు మీద ఎవరూ లేరు.

"సుసన్నా?"

సొరంగంలో నీళ్ళు గులుక్కుమన్నాయి.

"ఏవండీ... ఇటు..."

మోకాళ్ళ దాకా దిగాడు. నడుం దాకా. నీళ్ళు చల్లగా లేవు. వెచ్చగా ఉన్నాయి... ఒంట్లోంచి వచ్చినట్టు. చెయ్యి చాచాడు. రాయి. మళ్ళీ రాయి. రాతి మీద గోళ్ళతో గీసిన గీతలు, మనిషి చెయ్యి అందినంత ఎత్తు దాకా.

చెవి పక్కనే ఒక గుసగుస. ఆడగొంతు కాదు.

"లెక్క సరిపోయిందా సారూ?"

సైలస్ కదల్లేదు.

"కాలిరిగి ఎక్కలేక మూడు దినాలు పిలిచిన. మూడో దినం గొంతు వోయింది."

"సు... సుసన్న..."

"ఆమె పైన సల్లగున్నది. నీ పెండ్లాం జోలికి నేనెందుకు వోత? నాకు నా పెండ్లామున్నది." నీళ్ళలో ఊపిరి బుడగలు. "ఒక్క మాట. గా పిలగాడు మల్ల అడుగుతడు. గిప్పుడన్న చెప్పు. చెప్పినవంటె పైకి పో."

పైన గుండ్రటి వెలుగులో ఒక తల కనిపించింది.

"సారూ!" సాయిబాబు. "ఎవ్వలతోని మాట్లాడుతుండ్రు? మా బావ సంగతేమన్న ఉన్నదా? ఉంటె చెప్పుండ్రి సారూ, మీ కాళ్ళు మొక్కుత!"

ఇది మూడోసారి. ముమ్మారు ప్రభువుని ఎరగనని బొంకిన పేతురుకి కోడైనా కూసింది, ఈ ఎడారిలో ఆ దిక్కు కూడా లేదని సైలస్‌కి అనిపించింది. నవ్వొచ్చినంత పనైంది. చెప్పేద్దాం. ఒక్క మాట. పెదవులు విడిపోయాయి కూడా. ఆ పెదవుల మధ్యకి హాజరు పట్టీ వచ్చింది, జైలు గేటు వచ్చింది, విమానం ఎక్కుతూ వెనక్కి చూడని సుసన్న వచ్చింది.

"నజ్మాలో దిగాడు!" అని అరిచాడు. "నేను చూశాను!"

మాట పైకి వెళ్ళింది. తిరిగి రాలేదు.

"గట్లనా" అంది గుసగుస, ఏ కోపమూ లేకుండా. "అయితే గా గొంతు నాకియ్యి."

మెడ చుట్టూ తడి వేళ్ళు... నొక్కలేదు. తడిమాయి. విజిల్ తాడు ఎక్కడుందో వెతికినట్టు. తర్వాత లేవు.

సైలస్ గట్టెక్కి కేకేశాడు. నోరు తెరుచుకుంది. చప్పుడు రాలేదు. మళ్ళీ... మళ్ళీ... పక్కటెముకలు నొప్పెట్టేలా. ఏమీ లేదు.

పైన విజిల్ మోగింది.

"అందరూ వచ్చారా? యల్లా, యల్లా, బయల్దేరండి!"

తన గొంతే. ఆ యాసే. చివర్లో ఆ దగ్గే. గుండ్రటి వెలుగు అంచున తన బట్టతలే.

"ఎక్కడికెళ్ళారండీ మీరు?" సుసన్న. "గొడుగు కోసం బస్సు దాకా వెళ్ళొచ్చేలోపు మాయమైపోయారు. ఒళ్ళంతా తడి!"

"నీళ్ళెంత లోతున్నాయో చూద్దామని దిగానులేవే. సాయిబాబూ, ఇట్రా అబ్బాయీ."

సైలస్ రాళ్ళెక్కబోయాడు. చేతికందిన రాయల్లా జారిపోతోంది. జారి గట్టు మీద పడ్డాడు. పైన తన గొంతు నింపాదిగా, ఒక్కో మాటా తూచినట్టు చెప్తోంది.

"మీ బావ నజ్మాలో దిగలేదు. ఎక్కడికీ పారిపోలేదు. ఇక్కడే, ఈ నీళ్ళలోనే వదిలేసి వెళ్ళాం. తెలిసీ వెనక్కి రానిది నేను. ఆయన చెప్పులు పారేసింది నేను. పరారీ అని రాసింది నేను. మీ అక్కకి చెప్పు... ఆయన ఇంకెవర్నీ పెట్టుకోలేదు."

సాయిబాబు ఏడుపు బావిలోకి రాలింది. బావి దాన్ని తిరిగిచ్చింది, జాగ్రత్తగా, పోగు కూడా తెగకుండా.

"పోలీసుల దగ్గరికి పోదాం పద" అంది సైలస్ గొంతు. "తాళ్ళూ, మనుషులూ తెద్దాం. ఏవే, ఏడవకు. ఎక్కు."

తలుపు వేసిన చప్పుడు. ఇంజను. టైర్ల కింద గులకరాళ్ళు... దూరంగా... ఇంకా దూరంగా.

సైలస్ గట్టు మీద మోకాళ్ళు ముడుచుకుని కూర్చున్నాడు. సరే. వస్తారు. తాళ్ళతో, టార్చి లైట్లతో వస్తారు. శవం కోసం వచ్చి బతికున్నవాణ్ణి చూస్తారు. జైలే కానీ, ఖతర్ జైల్లో ఏసీ ఉంటుందని ఎవరో అన్నారు. గొంతు లేని గైడుని ఏ జైలు మాత్రం ఎంతకాలం ఉంచుకుంటుంది? సాయంత్రానికల్లా వస్తారు. నర్సింలు పైకి వెళ్ళిపోయాడు. ఇక ఇక్కడ తనొక్కడే. ఒక్కడే అన్న మాట మొదటిసారి ధైర్యంగా తోచింది.

పైన వెలుగు నారింజ రంగులోకి తిరుగుతోంది.

సొరంగం వైపు నీళ్ళు కదిలాయి.

టప్... టప్... తడి రాతి మీద అడుగులు. పెద్దమనిషివి కావు. దగ్గరికి వచ్చి, అతని పక్కనే ఆగాయి.

ఒక చిన్న చెయ్యి, మూడేళ్ళ పిల్ల చెయ్యంత, అతని చిటికెన వేలు పట్టుకుంది. లోపలికి రమ్మన్నట్టు... మెల్లిగా... లాగింది.