గుర్వమ్మ పట్టా

"సారూ, నన్ను జైల్ల ఏస్తరంట! నా భూమికి నేనే దొంగనైతినంట!"

గుమ్మంలోనే కూలబడి ఏడుస్తున్న మనిషిని ప్రైవేటు డిటెక్టివ్ మాణిక్యరావు లేపి కుర్చీలో కూర్చోబెట్టాడు. పేరు గుర్వమ్మ, కల్వకుర్తి దగ్గరి పల్లెలో కురుమల ఇంటి వితంతువు. వెంట వచ్చిన తమ్ముడు చెన్నయ్య పక్కన కూర్చుని ఆమె కళ్ళు తుడుస్తున్నాడు. అతని భుజాన తాను నేసుకున్న కొత్త గొంగడి, గంజి దిగక ఇంకా బిర్రుగా ఉంది.

జాగీర్లు రద్దయి పదేళ్ళయింది. ఆమె ఎనిమిదెకరాల చెలక తమ సొంత సేద్యమంటూ జాగీర్దారు వారసులు మహబూబ్‌నగర్ కోర్టులో దావా వేశారు. పాత జాగీర్దారు ఆమె భర్తకు రాసిచ్చిన ఉర్దూ పట్టా ఒక్కటే ఆమెకు ఆధారం. ఎల్లుండే విచారణ. ఈ పొద్దున వకీలు దాన్ని చూసి, మీది మొహరు ముద్ర దొంగదని, కోర్టులో పెడితే జైలేనని తేల్చేశాడు.

"చినుగుతాందని రెండు నెలల కింద కల్వకుర్తిల వహీద్‌కు ఇచ్చిన. పుస్తకాలకు అట్టలేస్తడు. ఎనక బట్ట అంటిచ్చి ఇచ్చిండు," అంది గుర్వమ్మ.

"వాడే మార్చిండు సారూ!" చెన్నయ్య పళ్ళు కొరికాడు. "మా అక్కకు ఉర్దూ రాదని తెల్సు గద!"

"పట్టా దాచిన పెట్టె తాళంచెవి ఎవరి దగ్గరుంటుందమ్మా?"

"నా బొడ్లెనే. కిందటి నెల దవాఖానల పడ్డప్పుడు మాత్రం తమ్మునికిచ్చిన. నా కడుపుల పుట్టినట్టే సారూ. మా ఆయన పోయినకాంచి పన్నెండేండ్లు నా చెలక ఆడే దున్నిండు. కోర్టుల సాక్షం గూడ ఆడే."

మాణిక్యరావు కాగితం తిప్పాడు. వెనక అంటించిన బట్ట గోధుమరంగు జిగురుతో గట్టిపడి ఉంది. అంచుల్ని పురుగు తినేసింది. ఒకసారి వాసన చూసి జేబులో పెట్టుకున్నాడు.

వహీదే దొంగ అని సహాయకుడు యాదగిరి అప్పుడే ఖాయం చేసేశాడు. ఏ కేసులోనైనా మొదట పేరు వినబడ్డవాడే అతనికి దొంగ.

మర్నాడు అందరూ కల్వకుర్తిలో వహీద్ దుకాణానికి చేరారు. గిన్నెలో మైదా జిగురు నీలంగా ఉంది.

"ఇందులో ఏం కలుపుతారు?"

"మైలుతుత్తం సాబ్. కలపకుంటే పురుగు వడ్తది. మా అబ్బా కాలంనుంచి గిదే పద్ధతి."

మాణిక్యరావు పట్టాను బల్ల మీద పరిచాడు. "ఈ బట్ట వహీద్ అంటించింది కాదు. అతని జిగురు నీలం, దాన్ని పురుగు ముట్టదు. ఇది చింతగింజల గంజి, గొంగళ్ళకు పెట్టేది. దొంగ పట్టాకు కూడా వెనక బట్ట లేకపోతే చదువురాని మనిషైనా మారిందని పోల్చుకుంటుంది. అందుకే మార్చినవాడు తన ఇంట్లో ఉన్న గంజితోనే అంటించాడు. గుర్వమ్మ ఇంట్లో మగ్గం లేదని దారిలో ఆమే చెప్పింది. పెట్టె తాళంచెవీ, నేత మగ్గమూ రెండూ ఉన్నది నీకొక్కడికే, చెన్నయ్యా!"

చెన్నయ్య మొహం మాడిపోయింది. గొంగడి మడతలోంచి అసలు పట్టా తీసి బల్ల మీద పెట్టాడు. దొంగ పట్టా చేయించి ఇచ్చిన వారసుల మనిషికి రేపు కోర్టు దగ్గర అందించాల్సిన కాగితం అది.

"పన్నెండేండ్లు దున్నింది నేను. పేరేమో నీది. జాగీర్దారోళ్ళు కేసు గెలిస్తే చెలక నా పేర చేస్తమన్నరు అక్కా..."

గుర్వమ్మ కాగితం వైపు చూడనేలేదు.

"ఒక్కనాడన్న అడిగితివార? సగం నీదే అందును గద! నేను జైలుకు పోతనని తెల్సి, నా పక్కన కూసొని నా కండ్లు తుడుస్తివి గదర!"

"పోలీసులకు చెప్పమంటారా?" అడిగాడు మాణిక్యరావు.

"వద్దు సారూ. దున్నింది నిజమే గద, గా ముక్క కోర్టుల జెప్పుమనుండ్రి. ఇంకో సాక్షి నాకు లేడు."

మరునాడు కోర్టులో అసలు పట్టా పెట్టాక, చెన్నయ్య తలొంచుకుని నిజం చెప్పాడు. అక్క తరఫునే దున్నానన్నాడు. వారసుల వకీలు ఎంత గుచ్చినా మాట మార్చలేదు. ఇక భూమికి ఢోకా లేదని గుర్వమ్మ వకీలు ధైర్యం చెప్పాడు.

బయటికి రాగానే చెన్నయ్య ఎదురుపడి, "అక్కా, బస్సుకు పోదాం పా," అన్నాడు.

గుర్వమ్మ అతన్ని దాటుకుని యాదగిరి దగ్గరికి వచ్చింది. "నాయినా, కల్వకుర్తి బస్సు యాడ ఆగుతదో జర సూపెట్టు. నా ఎంబడి ఎవ్వలు లేరు."