అత్తమ్మ గది

కామారెడ్డిలో మా ఫ్లాటు మూడో అంతస్తులో ఉంది. ఆ సాయంత్రం వాన వెలిశాక బాల్కనీ తుడిచి, పొయ్యి మీద చాయ్ పెట్టాను. ఆడాల్సిన అబద్ధమంతా మధ్యాహ్నమే సర్ది పెట్టుకున్నాను కాబట్టి నింపాదిగానే ఉన్నాను.

ఫ్లాటు మా అత్తమ్మ భూదవ్వ పేరు మీద ఉంది. పెద్దకొడప్‌గల్‌లో తన చెల్క భూమి అమ్మి కొన్నది. నిరుడు ఆమె పోగానే నా భర్త మహిపాల్, ఎల్లారెడ్డిలో ఉండే మా ఆడబిడ్డ రాజశ్రీ వాటాల కోసం ఒకరి మీద ఒకరు కోర్టుకెక్కారు. రాజీ పడమని కోర్టు చెప్పింది. రాజశ్రీ ఒక్కటే షరతు పెట్టింది.

"మా అమ్మకు ఆ ఇంట్ల ఒక గది ఇచ్చిన్రని చూపియ్యుండ్రి. నా వాటా ఇడిచిపెడ్త."

ఆ గది చూడటానికి ఆమె వకీలు శైలేందర్ ఆ సాయంత్రం వస్తున్నాడు.

గది ఎక్కడిది? ఆమె హాల్లో చాప మీద పడుకునేది. బీడీలు చుట్టే మనిషి. తంబాకు వాసన నాకు పడదని, చేట పట్టుకుని బయట మెట్ల మీద కూర్చోమనేదాన్ని. మారుమాట్లాడకుండా కూర్చునేది. వాసన లోపలికి రాకుండా నేను తలుపేసుకునేదాన్ని. మెట్లెక్కే వాళ్లు ఆమెను చూస్తే నాకు నామోషీగా ఉండేది. ఇప్పుడు తలుచుకుంటే నా మొహం నాకే చూపించుకోబుద్ధి కాదు.

మధ్యాహ్నం సామాను గది ఖాళీ చేశాను. మంచం వేసి, ఆమె చీర దండెం మీద ఆరేశాను. చేటలో తునికాకు పరిచి, పక్కన ఆమె కత్తెర పెట్టాను. ఆకును తడిపి, అది మెత్తబడ్డాకే కత్తెరతో కోస్తారని నాకు తెలియదు. తలుపేసుకుని లోపల కూర్చున్నదానికి ఏం తెలుస్తుంది? ఎండాకే పెట్టాను.

దీపాలు పెట్టే వేళకు కరెంటు పోయింది. ఫ్యాను ఆగింది. ఇల్లంతా తడి సున్నం వాసన. దాని వెనకే, సన్నగా, తంబాకు వాసన.

కచ్... కచ్... కచ్...

బయటి తలుపు అవతలి నుంచి, కత్తెర ఆడినట్టు.

"ఏందది?" అన్నాడు మహిపాల్, మెల్లగా.

"ఎవరో పక్కోళ్లు..." అన్నాను.

చప్పుడు ఆగింది. తలుపు తట్టారు. శైలేందర్.

అతను ఫోను లైటు వేసి గదంతా చూశాడు. చీర చూశాడు, చేట చూశాడు.

"మంచిగనే చూసుకున్నరక్కా. రాజశ్రీ అక్కకు చెప్త. రేపు రాజీ కాయితం రాసుకుందాం."

ఇల్లు మాదైపోయింది. గుమ్మం దగ్గర చెప్పులు వేసుకుంటూ అతను మళ్లీ ఇటు తిరిగాడు.

"మెట్ల మీద ఆ అవ్వ ఎవరక్కా? చీకట్ల బీడీలు చుడుతున్నది. 'లోపటికి పోదాం రా అవ్వా' అన్న. 'కోడలు పిలవలే బిడ్డా' అన్నది."



"కింది ఫ్లాటోళ్ల అవ్వ. మతి లేదు ఆమెకు," అన్నాడు మహిపాల్, కన్న తల్లి గురించి, రెప్ప వేయకుండా.

ఆ గది దొంగ గది, అత్తమ్మ జాగ ఆ మెట్లే అని అప్పుడే చెప్పాల్సింది. మాట గొంతు దాకా వచ్చింది. శైలేందర్ నా వైపే చూస్తున్నాడు. ఇల్లు గుర్తొచ్చింది.

నేనూ తలూపాను.

అతన్ని సాగనంపడానికి మహిపాల్ కిందికి వెళ్లాడు. తెరిచిన తలుపు ముందు నేనొక్కదాన్నే మిగిలాను. మెట్ల మీద చీకటి. ఎవరూ కనిపించలేదు. కానీ...

కచ్... కచ్...

సిగ్గుతోనో భయంతోనో తెలియదు, ఏడుపొచ్చింది.

"లోపలికి రా అత్తమ్మా..."

చప్పుడు ఆగింది. నా పక్క నుంచి ఏదో చల్లగా దాటిపోయింది. తంబాకు వాసన ముక్కుకు కొట్టింది.

కచ్...

ఈసారి నా వెనక. ఇంట్లో. ఆ గదిలో.

ఒక్కొక్క అడుగే వేసుకుంటూ వెళ్లి ఫోను లైటు వేశాను. మంచం మీద ఎవరూ లేరు. చేటలో కత్తెర లేదు. ఎండాకు తడిసి, మెత్తబడి ఉంది. చేట అంచు నుంచి నీళ్లు బొట్టు బొట్టుగా నేల మీద పడుతున్నాయి.

లైటు పడని మూల నుంచి, చాలా నెమ్మదిగా, ఎప్పటిలాగే అణకువగా...

"తలుపేసుకో బిడ్డా... నీకు వాసన పడదు గద."