చెరో సగం వాఫిల్ పెనం

"వదులప్పా! ముందు పట్టుకునింది నేను."

"ముందు చూసింది నేను."

"చూసినోళ్ళకంతా ఇస్తే కొట్లో ఏమీ మిగలదు."

హోసూరు బస్టాండు వెనక తిమ్మరాజు పాత్రల కొట్టు. మిగిలింది ఒకే ఒక్క వాఫిల్ పెనం. పొయ్యి మీద పెట్టుకునే రకం: రెండు ఇనుప పలకలు, లోపలంతా గళ్ళు, రెంటినీ కలుపుతూ ఒక శీల. ఒక పిడి రక్షిత్ చేతిలో ఉంది. రెండోది ఎవరో తెలియని అమ్మాయి చేతిలో ఉంది. ఆమె కళ్ళు కోపంలో కూడా బాగున్నాయని అతనికి అనిపించింది గానీ, ఇంటి పరిస్థితి గుర్తొచ్చి పిడి బిగించాడు.

రక్షిత్ సూళగిరిలో మిషన్ ఆపరేటరు. ఇల్లు గురుబరపల్లిలో. వాళ్ళమ్మ మంజులమ్మ ఫోన్లో ఎవరో కారం వాఫిల్ శాండ్‌విచ్ చేయడం చూసిన నాటి నుంచి పట్టు పట్టి కూర్చుంది. ఆ గళ్ళ రొట్టె చేసేదాకా ఈ ఇంట్లో రాగి సంగటి గెలికేది లేదంది. నాయన వెంకటరామప్ప సంగటి లేనిదే చేనికి దిగని మనిషి. ఇప్పుడు టీలో బన్ను ముంచుకుంటూ గోడకేసి చూస్తున్నాడు.

"మా నాయన ప్రాణం మీదికొచ్చింది తల్లీ, వదులు."

"పెనానికీ ప్రాణానికీ ఏంది సంబంధం? ఆఫీసులో అందరికీ చేసి తెస్తానని చెప్పినాను నేను. నా పరువు!"

ఇద్దరూ ఒక్కసారే లాగారు. శీల టప్పున ఎగిరిపోయింది. రక్షిత్ పోయి ఇడ్లీ పాత్రల్లో పడ్డాడు. ఆ అమ్మాయి ప్లాస్టిక్ బకెట్ల దొంతరలో కూలబడింది. ఇద్దరి చేతుల్లో చెరో పలక.

తిమ్మరాజు కళ్ళజోడు సవరించుకున్నాడు. "బాగుంది. చెరో సగం తీసుకొని పోండి. ఫోన్ నంబర్లు కూడా మార్చుకోండి, మిగతా కొట్లాట ఇండ్ల కాడ పెట్టుకోవచ్చు."

ఆ అమ్మాయి పేరు పవిత్ర అని అట్లా తెలిసింది.

సగం పెనం చూసి మంజులమ్మ వెనక్కి తగ్గలేదు. పలక మీద పిండి పోసి, పైన సన్నికల్లు పెట్టి అదిమింది. ఒక పక్క గళ్ళు, ఇంకో పక్క మాడిన చెక్క. వెంకటరామప్ప కొరికి, పన్ను కదిలిందేమోనని తడుముకున్నాడు.

"ఆ పాపను పిలువు," అంది మంజులమ్మ. "ఆమె సగంతో సహా."

"ఆమె నాకోసం ఎందుకు వస్తాదిమా?"

"నీకోసం కాదురా. పెనం కోసం వస్తాది."

నిజంగానే ఆదివారం పవిత్ర వచ్చింది. వానలో బస్సు దిగి, చున్నీ తల మీదికి లాక్కొని, చంకలో ఇనుప పలక, చేతిలో పిండి డబ్బా పట్టుకొని నడిచి వచ్చింది. ఎదురింటి రంగమ్మ ఆ ఇనుప పలక చూసింది, గొడుగు పట్టుకొని ఎదురెళ్ళిన రక్షిత్‌ను చూసింది, లోపలికి పరిగెత్తింది.

వంటింట్లో పవిత్ర దోసె పిండిలో రాగి పిండి, సన్నగా తరిగిన ఉల్లిపాయ, పచ్చిమిరప, కొత్తిమీర కలిపింది. నడుమ పెట్టడానికి మంజులమ్మ బంగాళాదుంపలు ఉడికించి ఉర్లగడ్డ పల్యం సిద్ధం చేసింది. శీల లేదు కాబట్టి కింది పిడి ఒకరు, పై పిడి ఒకరు పట్టుకోవాలి.

"మూడు అంటే ఎత్తాల," అంది పవిత్ర. "ఒకటి, రెండు, మూడు!"

వాఫిల్ నడుమకు చీలి, సగం పైపలకకూ సగం కిందిపలకకూ అతుక్కుంది.

"మూడు అనేటప్పుడు ఎత్తాలనా? అన్నాక ఎత్తాలనా?" అన్నాడు రక్షిత్.

"ఇంత చిన్న దానికి కూడా ట్రైనింగ్ కావాలనా నీకు?"

"మిషన్‌కైతే బటన్ ఉంటాది. నీకు యాడుందో తెలీదు కదా."

పవిత్ర నవ్వు ఆపుకోవడానికి గోడవైపు తిరిగింది. రక్షిత్ నెయ్యి కాస్త ఎక్కువే రాశాడు. రెండోసారి ఎందుకో ఇద్దరూ లెక్కపెట్టలేదు. ఆమె ముఖం చూసి అతను ఎత్తాడు, అతని ముఖం చూసి ఆమె ఎత్తింది. రొట్టె ఎర్రగా, కరకరలాడుతూ చెక్కు చెదరకుండా వచ్చింది. ఇంకొకటి కూడా కాల్చి, రెండు రొట్టెల నడుమ పల్యం పెట్టి వెంకటరామప్ప ముందుంచారు.

ఆయన దాన్ని తినలేదు. ఒంగి చూశాడు.

"మళ్ళు! గట్లు, గెనిమలు ఎంత చక్కగా వేసినారే!"

చెనిక్కాయ చట్నీ గిన్నె తీసుకొని ఒక మూల గడిలో పోశాడు. అది నిండాక వేలితో గెనిమ తెంచి పక్క గడికి మళ్ళించాడు.

"తినవయ్యా," అంది మంజులమ్మ.

"ఉండే, ఈ పక్క మడికి, ఈ కయ్యికి నీళ్ళెక్కల్యా."

అన్ని గళ్ళూ తడిశాకే కొరికాడు. కళ్ళు మూసుకొని నమిలాడు. "ఇంకొక ఎకరా వెయ్యి పాపా."

అప్పుడే రంగమ్మ వచ్చింది. ఆమె వెనకే వీధిలోని ఆడవాళ్ళంతా ఉన్నారు. పళ్ళెంలో పసుపు, కుంకుమ, పూలు, గాజులు.

"కోడలు ఇనుప పలకతో గడప దాటే ఆచారం వాళ్ళ పక్క ఉందంట కదా. మంచిదేలే, దిష్టి తగలదు!"

ఎవరో పవిత్ర జడలో పూలు పెట్టేశారు. ఇంకెవరో ముహూర్తం ఎప్పుడని అడిగారు. పవిత్ర రక్షిత్ వైపు చూసిన చూపుకు పొయ్యి లేకుండానే ఇంకో వాఫిల్ కాలేది.

"ఇదంతా నీ ప్లానా?"

"ప్లాన్ వేసే తెలివుంటే పెనం ఇరగ్గొట్టుకుంటానా?"

ఆమె తన పలకను తువ్వాలులో చుట్టుకొని వానలోకి నడిచింది. రక్షిత్ గొడుగు కోసం వెతికాడు. దొరకలేదు. చేతికందిన తన పలకనే పిడి పట్టుకొని నెత్తి మీద గొడుగులా ఎత్తిపట్టి పరిగెత్తాడు. ఇంకా వేడిగా ఉన్న పలక మీద చినుకులు సుయ్యిమంటూ, తల చుట్టూ ఆవిరి లేచింది. హైవే పక్కన బస్సు కోసం నిలబడినవాళ్ళు పొగలు కక్కుతూ వస్తున్న మనిషిని చూసి దారిచ్చారు.

"పవిత్రా!"

"సగం సగం కలిస్తేనే అని డైలాగ్ కొట్టినావంటే, ఇది నెత్తిన పడుతుంది."

రక్షిత్ సరిగ్గా అదే అనబోయాడు. ఆ మాట మింగి, నిజం చెప్పాడు.

"రంగమ్మత్తకు నేనేమీ చెప్పలేదు. కానీ ఆమె అట్లా అన్నప్పుడు, కాదని చెప్పేదానికి నాకు నోరు రాలేదు. ఎందుకంటే కాదని చెప్పాలనిపించలేదు. తప్పయితే పో. బస్సెక్కిస్తాను."

వాన జోరైంది. పవిత్ర పలక తగిలి కాలిన అతని చెవి చివర చూసింది. కృష్ణగిరి బస్సు వచ్చి, ఆగి, పోయింది. ఆమె పోవాల్సిన హోసూరు బస్సు కూడా వచ్చింది. ఆమె ఎక్కలేదు.

"అడగాలనుకుంటే ముందు మా నాయనను అడగాల. రంగమ్మను కాదు," అంది నేల చూస్తూ.

"అడుగుతాను. రేపే."

అంతలో గోనెసంచి కప్పుకొని, మోపెడ్ మీద వెంకటరామప్ప దిగబడ్డాడు. "పెండ్లి సంగతి యాడన్నా మాట్లాడుకోండి పిలకాయల్లారా. ఆడ పిండి పులిసిపోతా ఉంది!"

పవిత్ర తన పలకను రక్షిత్ చేతిలో పెట్టింది. మోపెడ్ వెనక సీటు ఎక్కి కూర్చుంది.

"పోదాం పట్టు, మామా."

వెంకటరామప్పకు మిగిలిన పిండి తప్ప ఇంకేమీ తట్టలేదు. బండి తిప్పేశాడు. రక్షిత్ మాత్రం రెండు చేతుల్లో రెండు ఇనుప పలకలతో, 'మామా' అన్న ఆ ఒక్క మాటే చెవుల్లో వింటూ, హైవే పక్కన వానలో చాలాసేపు అట్లాగే నిలబడిపోయాడు.