గుమ్మడి ఏది, పుచ్చ ఏది

మేడమీద ఒంటిగదిలో ఉండే లెక్కల మాస్టారికి గాలి సోకిందని కింది వాటా టైలరు భార్య పాలవాడితో అన్నదట. పాలవాడు ఆ మాటను ఒక్క చుక్క నీళ్ళు కలపకుండా వీధంతా పోశాడు. ఉండేది ఒక్కడేనట, గదిలో మాటలు మాత్రం ఇద్దరివట. పొద్దున్నే లేచి "ఏది అంతస్తు? ఏది గది?" అని గోడను నిలదీస్తాడట. ఒక్క పిల్లాడు కూడా గడప తొక్కని ట్యూషన్ పెట్టుకుని ఏం తిని బతుకుతున్నాడో ఆవిడకు అంతుపట్టలేదట.

ఆవిడకు తెలియనిది ఒక్కటే. మాస్టారు సీక్రెట్ ఏజెంట్. మిగతాదంతా నిజమే.

మూడేళ్ళ కిందట అతని జోడీ బక్కోణ్ణి విదేశీ ముఠా ఒక హోటల్లో కట్టేసి టైంబాంబు పెట్టింది. ఆ ముఠా తన సంగతులన్నీ బడిపిల్లల లెక్కల్లో దాచి పంపుకుంటుంది. తెలియని సంఖ్యలు రెండు, వాటి గురించి వాక్యాలు రెండు. చేతికి చిక్కిన లెక్కను మాస్టారు నిమిషంలో తేల్చాడు. తొమ్మిది, నాలుగు. తొందరలో ఎక్స్ అంటే ఏమిటో, వై అంటే ఏమిటో కాగితం మీద రాసుకోలేదు. తొమ్మిదో అంతస్తు, నాలుగో గదికి పరుగెత్తి తలుపు బద్దలుకొట్టాడు. ఖాళీ మంచం. అప్పుడే కాళ్ళకింద భవనం ఊగింది. బక్కోడు ఉన్నది నాలుగో అంతస్తు, తొమ్మిదో గదిలో.

ఆ రోజునుంచీ బక్కోడు మాస్టారి చెవి వెనకే కాపురం.

ఇవాళ మధ్యాహ్నం ఒకటిన్నరకు చీఫ్ గదిలో అర్జెంట్ బ్రీఫింగ్. మూలన టైప్‌రైటర్ ముందు బక్కోడి భార్య కూర్చుని ఉంది. మొగుడు పోయాక డిపార్ట్‌మెంట్ ఇచ్చిన ఉద్యోగం అది. మాస్టారు ఆమెను వదినా అని పిలుస్తాడు. ఆమె అతన్ని ఏమనీ పిలవదు.

"మూడు గంటలకు కాన్ఫరెన్స్ హాల్లో రెండు దేశాల ఒప్పందం," అన్నాడు చీఫ్. "మూడొందల మంది ఉంటారు. ఒక సీటు కింద బాంబుంది, సరిగ్గా మూడింటికి పేలుతుంది. మనకు దొరికింది మాత్రం ఒక్క వాక్యం."

కాగితం మీద ఇలా ఉంది: మూడు గుమ్మడికాయలూ, రెండు పుచ్చకాయలూ కలిపి నలభై ఏడు కిలోలు.

"హాలు ఖాళీ చేయిద్దాం సార్."

"ఎదురుగా ఉన్న మేడల్లో ఎక్కణ్ణుంచో ఒకడు బైనాక్యులర్స్‌తో చూస్తున్నాడు. జనం లేస్తే ముందే రిమోట్ నొక్కుతాడు. రెండో వాక్యం ముత్యాల మేడం తెస్తుంది. వెళ్ళు."

ముత్యాల మేడం డబుల్ ఏజెంట్. ముఠాలో ఉంటూ మనకు పనిచేస్తోందని చీఫ్ నమ్మకం. మనతో ఉంటూ ముఠాకు పనిచేస్తోందని టైపిస్టు అనుమానం. టైపిస్టును అడిగిందెవరు?

రెండూ నలభై. హాలు వరండాలో మాస్టారు ఎలక్ట్రీషియన్ వేషంలో ఉన్నాడు. ఖాకీ చొక్కా, అతికించిన మీసం, చేతిలో టూల్ బాక్స్. మేడం మెడలో మూడు పేటల ముత్యాలు, కళ్ళకు నల్లద్దాలు.

"పుచ్చకాయ కోసి చూపిస్తారా?" కోడ్ వర్డ్ విసిరాడు.

"ఎర్రగా లేకపోతే నన్ననొద్దు," అంటూ ఆమె లిప్‌స్టిక్ గొట్టంలోంచి చుట్టిన చీటీ తీసి అందించింది. ఆరు గుమ్మడికాయలూ, నాలుగు పుచ్చకాయలూ కలిపి తొంభై నాలుగు కిలోలు.

"ఆల్ ది బెస్ట్!" మేడం హైహీల్స్ గుమ్మంవైపు టకటకలాడాయి.

మాస్టారు గోడకానుకుని లెక్క వేశాడు. గుమ్మడికాయలు పోయాయి. పుచ్చకాయలు పోయాయి. చివరికి సున్నా సున్నాకి సమానం అని తేలింది. మళ్ళీ వేశాడు. మళ్ళీ సున్నా.

చెవి వెనక బక్కోడు దగ్గాడు. "ఒరేయ్, మొదటి వాక్యాన్నే రెండింతలు చేసి నీ చేతిలో పెట్టిందిరా. ఒకే మాట రెండుసార్లు అంటే రెండు మాటలవుతాయా?"

గుమ్మం దాటబోతున్న మేడం మణికట్టు మాస్టారి చేతికి చిక్కింది. నవ్వుతూ లోపలికి నడిపించుకెళ్ళి, ఖాళీ సీటులో కూలేసి, కుర్చీ చేతికి బేడీ తగిలించి తనూ పక్కన కూర్చున్నాడు.

"ఏం చేస్తున్నావ్?"

"సంతకాలయ్యాక వెళ్దురుగాని. చల్లగా ఉంది కదా ఏసీ."

వేదిక మీద ఎవరో ఉపన్యాసం చదువుతున్నారు. రెండూ యాభై. యాభై అయిదు. అంత చలిలోనూ మేడం పౌడరు చెమటకు కారుతోంది.

"నువ్వూ పోతావు కదరా పిచ్చోడా!"

"అక్కడ నాకు తెలిసినవాడున్నాడు లెండి."

ఆ గొంతులో బెదిరింపు లేదు. అందుకే మేడం బెదిరింది. రెండూ యాభై ఎనిమిదికి ముత్యాలు వణికాయి. "గుమ్మడికాయ పుచ్చకాయ కంటే నాలుగు కిలోలు ఎక్కువ!"

ఇది వేరే మాట. అరచేతిలో పెన్ను కదిలింది. పుచ్చ ఏడు, గుమ్మడి పదకొండు. లేచాడు. కళ్ళముందు ఆ ఖాళీ మంచం. పరుపు మీద మడత నలగని దుప్పటి.

"రాసుకోరా," అన్నాడు బక్కోడు.

"గుమ్మడి అంటే వరసా, సీటా?"

మేడం చేతి గడియారం వంక చూసింది.

"అబద్ధమాడితే ఇద్దరం ఒకే బండిలో పోతాం."

"వరస! వరస!"

గుమ్మడి వరస, పుచ్చ సీటు. రెండు మాటలూ అరచేతిలో పూర్తిగా రాశాడు. ఆ తర్వాతే కదిలాడు. పదకొండో వరస ఏడో సీటులో భారీకాయం ప్రతినిధి ఒకాయన గురకపెడుతున్నాడు.

"మైకు వైరు చూడాలి సార్, కాళ్ళు కాస్త ఎత్తండి."

ఆయన నిద్రలోనే ఎత్తాడు. సీటు అడుగున ఎర్రటి అంకెలు. తొమ్మిది. ఎనిమిది. బ్యాటరీ నుంచి వచ్చే తీగ దొరికేసరికి అయిదు. కటింగ్ ప్లయర్ టక్కుమంది. నాలుగు దగ్గర అంకె ఆగిపోయింది. సంతకాలు పడ్డాయి. హాలంతా చప్పట్లు. గురకపెట్టే ఆయన కూడా ఉలిక్కిపడి లేచి, అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టాడు.

నాలుగున్నరకు చీఫ్ రిపోర్టు చెప్పి రాయిస్తున్నాడు. "కొట్టమ్మా... ఏజెంట్ అసమాన సమయస్ఫూర్తితో..."

మాస్టారు ఉండబట్టలేక టైప్‌రైటర్ దగ్గరికి నడిచాడు. "వదినా, ఈసారి ఏది ఏమిటో ముందు అడిగాను. చేతిమీద రాసుకున్నాకే కదిలాను."

మీటల చప్పుడు ఆగింది. ఆమె అతని అరచేతిలోని సిరా వంక చూసింది.

"అడిగి రాసుకోడానికి ఎంతసేపు పట్టింది?"

"ఎంతో కాదు. మూడు, నాలుగు సెకన్లు."

"అయితే ఆ నాలుగు సెకన్లు మా ఆయనకి ఇవ్వడానికే నీకు మనసు రాలేదన్నమాట."