పట్టుగూళ్ల షెడ్డులో వెంకటసుబ్బమ్మ

హిందూపురం అవతల, బట్టల ఫ్యాక్టరీ వెనక, పాడుబడిన పట్టుగూళ్ల షెడ్డొకటి ఉంది. చీకటి పడితే అటు ఎవరూ పోరు. వెంకటసుబ్బమ్మ అనే టైలరమ్మ ఉరేసుకుంది అక్కడేనట. ఆమెకిచ్చిన మాట తప్పినవాడు రక్తం కక్కుకుని చస్తాడట...

ఇదంతా పుట్టించిన మహానుభావుడు సూపర్‌వైజర్ సంజీవప్పే. షిఫ్టు దిగిన ఆడవాళ్లు ఆ షెడ్డులో కూడి, యూనియన్ పెడదామని మాట్లాడుకునేవాళ్లు. వచ్చినవాళ్ల పేర్లు అతను మేనేజరు చెవిన వేసేవాడు. మర్నాటికి ఆ మనిషి గేటు బయట ఉండేది. అయినా కూడటం ఆగలేదు. అందుకని దెయ్యాన్ని కాపలా పెట్టాడు. జీతం అడగని వాచ్‌మన్ దొరికిందని మేనేజరు అతని భుజం తట్టాడు.

నెల తిరక్కుండానే షెడ్డులో దీపం కనబడిందన్నారు.

"చూసి రా," అన్నాడు మేనేజరు. "యూనియన్ వస్తే ముందు పోయేది నీ ఉద్యోగమే."

తను అల్లిన దెయ్యానికి తనే భయపడతాడా? పడడు. అయినా దేవుణ్ణి తలుచుకుంటూనే తలుపు తోశాడు. మూలన మిణుకుమిణుకుమనే దీపం. జుట్టు విరబోసుకుని, అటు తిరిగి కూర్చున్న ఆడమనిషి —

సంజీవప్ప గుమ్మంలోనే చేతులు జోడించాడు. దెయ్యం ఎదురైతే ఏం చేయాలో చిన్నప్పుడు అవ్వ నేర్పింది. ఏం కావాలో అడగాలి, ఇస్తానని ఒట్టేయాలి.

"ఏం... ఏం కావల్ల తల్లీ? కోడా? చీరా?"

"మా పేర్లు... మేనేజరుకు మోయొద్దు."

"మోయను తల్లీ. మా అమ్మ మీద ఒట్టు."

ఆమె జుట్టు ముడేసుకుంటూ ఇటు తిరిగింది. కటింగ్ సెక్షన్ దాసమ్మ. చీకట్లో ఒక్కొక్కటే సెల్‌ఫోన్లు వెలిగాయి. షిఫ్టు మొత్తం గోడ వారన కూర్చుని ఉంది.

"నీ దెయ్యం పుణ్యమా అని వాచ్‌మన్లు గూడా ఇటు రారప్పా," దాసమ్మ గుసగుసగా అంది. "మాట తప్పితే ఏమైతాదో చెప్పింది నువ్వే."

వెంకటసుబ్బమ్మ లేదని అతనికి తెలుసు. అమ్మ మాత్రం ఉంది, ఇంట్లో, నిక్షేపంగా.

పొద్దున మేనేజరు అడిగాడు. "ఎవరున్నారక్కడ?"

"వెంకటసుబ్బమ్మ సార్... ఒక్కతే."

ఎవరో మోసుకొస్తే తప్ప పనివాళ్ల పేర్లు ఎరగని మనిషి ఆయన. దెయ్యం పేరు అసలే అడగలేదు. "ఏ లైనులో పనిచేస్తుంది? రేపట్నుంచి రావద్దని చెప్పు."

"ఆ మాట మీరే చెప్పండి సార్," అన్నాడు సంజీవప్ప. "చీకటి పడినాక ఆ షెడ్డులోనే ఉంటాది."